ఆరో రీలు

నాలుగింటికల్లా తేలిపోతుంది, క్యారల్ బతికిందో చచ్చిందో. భోయిగూడ శ్మశానంలో ఆమె పెట్టె మీద అనుపమ తన చేత్తో పిడికెడు మట్టి వేసి పద్నాలుగు నెలలైంది. అయినా సరే, తేలాల్సింది ఇవాళే. రెజిమెంటల్ బజారులో, గొడుగులు బాగుచేసే కొట్టు పైన రెండో అంతస్తులో, మూసిన తలుపు అవతల దయాకర్ ఆరో రీలు డబ్బా ముందేసుకుని కూర్చున్నాడు. తలుపు ఇవతల ఇనప కుర్చీలో ఆమె. గోడ గడియారం మూడూ ఐదు. "గంట పడ్తది మేడం, మీరు లోపటికి రాకున్రి, కండ్లు మండ్తయి," అన్నాడు దయాకర్, మూతికి రుమాలు కట్టుకుంటూ. ముప్పయ్యేళ్లు సినిమా ల్యాబు రసాయనాల్లో చేతులు నానబెట్టిన మనిషి, ల్యాబు మూతపడ్డాక పాత రీళ్లు శుభ్రం చేసి కంప్యూటర్లోకి ఎక్కించే పని పెట్టుకున్నాడు. అలాంటివాడే రుమాలు కట్టుకున్నాడంటే... ఆ ఆలోచనని ఆమె అక్కడే తుంచేసింది. ఆరింటికి బేగంపేటలో హాలు నిండుతుంది. ఆమె ఎప్పుడో తీసిన ఒకే ఒక్క సినిమా, 'రెండో తాళంచెవి', ఇద్దరు ఆడవాళ్ల ప్రేమ కథ, ఐదు రీళ్లు తెర మీద నడుస్తాయి. ఐదో రీలు చివర నాయికగా వేసిన క్యారల్ సికింద్రాబాద్ స్టేషన్‌లో పదో నంబరు ప్లాట్‌ఫారం అంచున నిలబడుతుంది, రైలు కూత, తెర నలుపు. ఇరవై ఏడేళ్లుగా అంతే. ఆ నలుపు తర్వాత ఇంకో రీలు ఉందని, అందులో క్యారల్ బతికే ఉందని, ఆ హాల్లో ఎవరికీ తెలియదు, ఈ ప్రదర్శన పెట్టి తనని పిలిచిన పిల్లకు తప్ప.

తలుపు కింది సందులోంచి వాసన పాకుతూ వస్తోంది. పులుపు, ఘాటు, వెనిగర్ సీసా ఒలికినట్టు. పొద్దున డబ్బా చేతికి తీసుకోగానే దయాకర్ ముక్కు దగ్గర పెట్టుకుని, "చచ్చే ముందు ఫిలిం గిట్లనే వాసనొస్తది మేడం," అన్నాడు, మామూలుగా, పాలు విరిగాయని చెప్పినట్టు. ఆ వాసన ఆమెకు ఆదివారం మధ్యాహ్నం వాసన. రైల్వే క్వార్టర్స్‌లో పుట్టి పెరిగిన ఆంగ్లో ఇండియన్ మనిషి క్యారల్, చర్చి నుంచి రాగానే చెప్పులైనా విప్పకుండా ఉల్లిపాయలు చక్రాల్లా తరిగి, జాడీలో వేసి, మునిగేదాకా వెనిగర్ పోసేది. రాంగోపాల్‌పేట్ ఇల్లంతా ఆ పులుపే. క్యారల్ ఆఖరి నాలుగైదేళ్లలో అది మరీ ఎక్కువైంది, వారమంతా ఉండేది. "జాడీ మూత సరిగ్గా పెట్టవే," అని తను, "పెట్టిన మ్యాన్, నీ ముక్కే ఖరాబైంది, డాక్టర్‌కి చూపిచ్చుకో," అని క్యారల్. ఎన్నిసార్లు పోట్లాడుకున్నారో ఆ జాడీ గురించి. క్యారల్ పోయింది, జాడీ కడిగి బోర్లించారు, వాసన మాత్రం పోలేదు. దానికి అనుపమ ఎంత పొంగిపోయిందని! పిచ్చిదానిలా కిటికీలు మూసింది. ఇంటి ఓనరు దేవమ్మ మెట్లెక్కి వచ్చి, "కిటికీలు తెర్వరాదు బిడ్డా, ఇల్లంత పుల్లటి కంపు," అంటే, "ఉండనియ్ దేవమ్మా, నాకు మంచిగనే ఉంది," అంది. రాత్రుళ్లు ఆ పులుపులోనే ముసుగు పెట్టి పడుకుంది. పద్నాలుగు నెలలు. క్యారల్ ఇంకా గదిలో మిగిలి ఉందని ఛాతీ నిండా పీల్చింది. పీల్చింది క్యారల్‌ని కాదు. మంచానికి సరిగ్గా పైన, అటక మీద, చీరల పెట్టె వెనక ఆరో రీలు కుళ్లుతోంది. కిటికీ తెరిచి, వాసన ఎక్కణ్ణుంచి వస్తోందా అని ఒక్కసారి వెతికి ఉంటే! దేవమ్మ చెప్పినరోజైనా చూసి ఉంటే! మూడూ పదిహేను.

పొద్దున దయాకర్ డబ్బా చూసి తలకొట్టుకున్నాడు. "ఎవరు చేసిన్రు మేడం ఈ సీలు? మైనం, దాని మీద కరెంటోళ్ల టేపు, దాని మీద ప్లాస్టిక్, మళ్ల టేపు. ఎవరైనా గిట్ల పూడుస్తరా? ఫిలింకి గాలాడాలె. దాని ఆవిరి బయటికి పోకుంటే అదే దాన్ని తింటది. టేపు ఎండి పగిలినంక వాసన బయటపడ్తది, అప్పటికే లోపట అయిపోతది." ఎవరు చేశారో చెప్పలేదామె. గాలి తగిలితే పాడవుతుందనుకుంది. పాడవడం ఒక్కటే కాదు, కనపడుతుందని. అసలు భయం అది. తొంభై ఎనిమిది జూన్. సెన్సార్ సర్టిఫికెట్ ఇవ్వాల్సిన నలుగురూ సినిమా చూశారు. వాళ్లలో పెద్దాయన చాలా మంచివాడు, బిస్కెట్ల పళ్లెం ఆమె వైపు జరిపి మరీ మాట్లాడాడు. "చూడమ్మా, ఐదో రీలు దగ్గర ఆపేశావనుకో, అది కావ్యం. ఆ పిల్ల ప్లాట్‌ఫారం మీద నిలబడింది, రైలొచ్చింది, చూసినవాడి గుండె చెరువైపోతుంది. తర్వాత ఆ ఆరో రీలు దేనికి? ఇంటికొచ్చి ఇద్దరూ కూరగాయలు తరుక్కుంటూ కూచుంటే అందులో కథేముంది?" ముద్దు లేదు సినిమాలో, ముద్దయితే పోట్లాడేదేమో. వాళ్ల అభ్యంతరం కూర మీద. ఏడిస్తే సరే, చస్తే మరీ సరే, వండుకుని తింటే మాత్రం కుదరదు. ఆమెకు అప్పుడు ముప్పయ్యొక్కటి, మూడేళ్లు కాళ్లరిగేలా తిరిగి తీసిన సినిమా, సర్టిఫికెట్ లేకపోతే ఏ హాలువాడూ గుమ్మమెక్కనివ్వడు. ఒక బిస్కెట్ తీసుకుంది. అది గుర్తుంది. జీడిపప్పు బిస్కెట్. తింటూ, "సరేనండీ," అంది. ఆ "సరేనండీ" ఎంతసేపు పట్టింది, ఒక క్షణమా? ఆ క్షణంలో క్యారల్‌ని రైలు కింద తోసి బిస్కెట్ పొడి దులుపుకుంది.

కిటికీలోంచి స్టేషన్ మైకు వినిపిస్తోంది, దయచేసి వినండి, ఏదో బండి ఏదో నంబరు మీదికి వస్తోంది. స్టేషన్ పాత భవనం ఇప్పుడు లేదు, కూల్చేశారు, క్రేన్లు తిరుగుతున్నాయి. మైకులో గొంతు మాత్రం అదే. ఏ అమ్మాయిదో ఆ గొంతు, ఎక్కడో కూర్చుని ఒక్కసారి చెప్పి ఉంటుంది, ఎన్నేళ్లనుంచో ఆవిడ లేకుండానే ఆవిడ గొంతు బండ్లని పిలుస్తోంది. గొంతు మనిషిని వదిలి బతకగలదు. క్యారల్ దగ్గర మాత్రం దాన్ని తనే లాక్కుంది. క్యారల్ తెలుగు చూస్తే సగం ఉర్దూ, పావు ఇంగ్లీషు, మాట చివర మ్యాన్. షూటింగులో ఆమె గొంతు గుర్తు కోసం టేపులో పట్టుకున్నారు గానీ, తర్వాత డబ్బింగ్ గదిలో ఆ టేపు చెవులకి పెట్టుకుని, క్యారల్ పెదాలు కదిలిన చోటల్లా అనుపమే మాట్లాడింది. "తెలుగు సినిమాలో హీరోయిన్ గొంతు హీరోయిన్‌ది ఉంటుందా ఎక్కడన్నా? అందరూ చేసేదేగా," అంది. క్యారల్ నవ్వి ఊరుకుంది అప్పుడు. తర్వాత ఎవరో తెచ్చిచ్చిన సీడీలో సినిమా మొదటిసారి పూర్తిగా చూసి, ఐదో రీలు అయ్యాక, తెర నల్లబడ్డాక, టీవీ ఆపకుండా అలాగే కూర్చుని, "ముఖం నాది, గొంతు నీది. మరి చచ్చింది ఎవరు మ్యాన్?" అంది. ఆ తర్వాత ఆ సినిమా మాటే ఎత్తలేదు. ఇరవై ఏళ్లు ఒకే కంచంలో తిన్నారు, ఒకే గొడుగు కింద నడిచారు, వీధిలోవాళ్లు ఏమన్నా దేవమ్మ, "మా జోడెడ్లు, ఒక్కదాన్ని వదిలి ఒక్కతి గడ్డి ముట్టది," అని నోళ్లు మూయించింది. ఇంత జరిగినా అటక వైపు ఇద్దరూ తలెత్తలేదు.

డబ్బా మూసినరోజు. అది కూడా ఆదివారమే. మైనం కరిగించింది క్యారలే. టేపు చాల్లేదని అనుపమ పరుగున వెళ్లి కరెంటు సామాన్ల కొట్లో ఇంకో చుట్ట తెచ్చేసరికి క్యారల్ మూత పెట్టేసి, దాని మీద రెండు చేతులూ ఆనించి కూర్చుని ఉంది, జ్వరమొచ్చిన పిల్ల నుదుటి మీద పెట్టినట్టు. "సినిమా పేరు తెచ్చుకోనీ, ఒక్క ఏడాది, ఆ తర్వాత తీస్తాను," అంది అనుపమ. "తీస్తవ్," అంది క్యారల్. నమ్మి అందో నమ్మక అందో ఇప్పటికీ తెలియదు. ఒక్క ఏడాది! సినిమాకి పేరొచ్చింది కూడా. ఊరూరా చిన్న చిన్న సంఘాలు వేసుకున్నాయి, పత్రికలు రాశాయి, ఇద్దరు ఆడవాళ్ల ప్రేమని ఎగతాళి లేకుండా, వెకిలి లేకుండా తెర మీద చూపించిందని. ఆ పొగడ్తలన్నీ ఆమె కత్తిరించి ఫైల్లో పెట్టింది. ఫైలు కింద ఉత్తరం.

ఉత్తరం వద్దు, ఇప్పుడొద్దు. మూడూ ముప్పై రెండు. గదిలోంచి చిన్న చప్పుడు, ఏదో పొడిగా విరిగినట్టు. అప్పడం విరిగినట్టు. ఫిలిం అలా విరగకూడదు. ఆమె లేచింది, తలుపు దాకా వెళ్లింది, చెయ్యెత్తింది, మళ్లీ వచ్చి కూర్చుంది. ఉత్తరం మనసులో దానంతటదే తెరుచుకుంది. రెండువేల మూడు, నీలిరంగు ఇన్లాండు, జనగామ దగ్గర ఏదో ఊరు. "మేడం, మీ సినిమా సీడీల పదకొండుసార్లు చూసిన. ఆమె చెయ్యి ఈమె పట్టుకునే కాడ ఆపి ఆపి చూసిన. మాలాంటోల్లు ఇంకొకరు ఉన్నరని అప్పుడు తెలిసింది. కాని ఆఖరికి అంతేనా మేడం? మాకు ప్లాట్‌ఫారమేనా? ఇంకేమన్న ఉంటె చెప్పుండ్రి. నెలాఖరు దాక చూస్త." నెలాఖరు దాకా! ఆ మాట కింద గీత గీసి ఉంది. ఉత్తరం చేరేసరికి ఇరవయ్యో తారీఖు. పది రోజులుంది చేతిలో. ఒక్క వాక్యం రాస్తే సరిపోయేది: అమ్మా, ఆమె చావలేదు, ఇంటికొచ్చింది, రీలు నా దగ్గరుంది. ఆ వాక్యం రాయాలంటే సరేనండీ అన్నానని రాయాలి. ఆరుసార్లు మొదలుపెట్టి ఆరుసార్లు చించింది. చివరికి, ధైర్యంగా ఉండు, జీవితం చాలా పెద్దది, అని ఎవరైనా ఎవరికైనా రాయగల నాలుగు ముక్కలు రాసి, ఒకటో తారీఖు దాటాక, రెండో తారీఖున పోస్టు డబ్బాలో వేసింది. జవాబు రాలేదు. మళ్లీ రాసింది, రాలేదు. ఒకసారి బస్సెక్కి జనగామ దాకా వెళ్లింది, బస్టాండులో గంటసేపు బెంచీ మీద కూర్చుని, ఆ ఊరికి ఆటో ఎక్కకుండానే తిరిగొచ్చింది. తలుపు కొడితే ఎవరు తీస్తారో, గోడ మీద దండేసిన ఫోటో ఉంటే ఏం చెయ్యాలో. ఉండకపోవచ్చు. ఆ పిల్లకి పెళ్లయిపోయి ఉండవచ్చు, ఏ ముంబైలోనో ఎవరితోనో హాయిగా ఉండవచ్చు, ఇప్పుడు నలభై దాటి ఉంటాయి. తెలుసుకోకపోతేనే ఆ పిల్ల బతికి ఉంటుందన్నట్టు బస్సు కిటికీలోంచి బయటికి చూస్తూ వచ్చేసింది.

ఫోన్ మోగింది, సృజన. ఈ సాయంత్రం ప్రదర్శన పెట్టిన పిల్ల, ఇరవయ్యారేళ్లు, కళ్లల్లోకి సూటిగా చూసి మాట్లాడుతుంది. మొదటిసారి ఇంటికొచ్చినప్పుడు టీ కప్పు కూడా ముట్టకుండా అంది, "మేడం, ఏమనుకోకండి. మీ సినిమా మాకు ముఖమిచ్చింది. చావు సుత ఇచ్చింది. మాలో ఎవరన్నా ఇంట్ల చెప్దామనుకుంటే ఫస్ట్ గుర్తొచ్చేది ఆ ప్లాట్‌ఫారమే." క్యారల్ పోయి అప్పటికి ఏడాది. ఇరవై ఏడేళ్లు నోట్లో దాచుకున్న మాట ఆ పిల్ల ముందు ఊడిపడింది, ఆరో రీలు ఉంది అని. సృజన తెల్లబోయింది. కోపమొచ్చింది ఆ పిల్లకి, రావాల్సిందే. "ఉంటే ఇన్నేండ్లు ఏం చేసిన్రు మేడం?" ఇప్పుడు ఫోన్‌లో గొంతు పరుగులు తీస్తోంది. "మేడం, ఏమైంది? ప్రొజెక్షన్ ఆయన అడుగుతుండు. ఆరోది ఉంటే ఐదింటికల్లా ఇయ్యాలంట. లేకుంటే ఉన్నయే వేస్తం, మీరు స్టేజీ మీద చెప్పుండ్రి, ఇంకోటి ఉండె అని." ఉండె అని. స్టేజీ మీద మైకు పట్టుకుని, అమ్మాయిలూ, నిజానికి మీరు బతికారు, ఆ ముక్క మాత్రం కుళ్లిపోయింది, అని. "నాలుగింటికి చెప్తాను," అని పెట్టేసింది.

ఆస్పత్రిలో ఆఖరి వారం క్యారల్‌కి స్పృహ వచ్చీపోతూ ఉండేది. ఒక మధ్యాహ్నం కళ్లు తెరిచి, ఎంత మామూలుగానో, "నన్ను ప్లాట్‌ఫారం మీద వదిలేసినవ్ అనూ. నిలబడీ నిలబడీ కాళ్లు గుంజుతున్నయ్. ఇంటికి తీస్కపో," అంది. నర్సు నవ్వి, "రైల్వేవాళ్లమ్మాయి కదా, స్టేషన్ కలవరిస్తున్నారు," అంది. అనుపమ కూడా నవ్వినట్టే నటించింది. తీసుకుపోతాను అంది. అదే గొంతు, సరేనండీ అన్న గొంతు. దేవుడా, ఆ రీలు మొత్తం ఆరు నిమిషాలు కూడా వద్దు, ఒక్క నిమిషం ఇవ్వు. తలుపు తీసి క్యారల్ లోపలికి వచ్చే ముక్క ఒక్కటి. రెండో తాళంచెవి మేకుకి తగిలించే ముక్క. నల్లని గీతలున్నా ఫరవాలేదు, బొమ్మ వణికినా ఫరవాలేదు. ఆరోజు రెండో నటి రజితని ఇంట్లోవాళ్లు రానివ్వలేదు, ఊళ్లో అప్పటికే గుసగుసలు. ఇంకో రోజు అద్దె కెమెరా దొరకదు. అందుకని అనుపమ కెమెరానే రజితని చేసింది, రజిత కళ్లల్లోంచి చూసినట్టు తీసింది, జవాబులు తనే కెమెరా వెనక నుంచి చెప్పింది. ఇల్లు కూడా తమదే. మేకు తమదే. అంటే ఆరో రీల్లో కథేమీ లేదు, పెద్దాయన సరిగ్గానే చెప్పాడు, అందులో ఉన్నది తామే. మూడూ యాభై ఆరు. తలుపు గడియ.

దయాకర్ రుమాలు విప్పాడు. కళ్లు ఎర్రగా ఉన్నాయి, రసాయనాల వల్లనే కావచ్చు. రెండు చేతుల్లో పళ్లెం పట్టుకుని ఉన్నాడు. పళ్లెంలో రీలు లేదు, గోధుమరంగు బిళ్ల ఉంది, బెల్లం అచ్చులా, చుట్లన్నీ ఒకదానికొకటి అతుక్కుని. పక్కన నల్లటి పొలుసులు.

"విడదీద్దామని చూసిన మేడం. పై చుట్లు పట్టుకుంటేనే పొడైపోయినయి. బొమ్మ మొత్తం ఊడిపోయింది. అంత ఒక్కటే ముద్ద."

"ఒక్క ఫ్రేమ్?"

"లేదు మేడం."

"అంచుల్లో? మొదట్లో?"

"మేడం..." అన్నాడు దయాకర్, పళ్లెం ఆమె ముందుకి చాచి.

ఆమె ఒక పొలుసు వేలి మీదికి తీసుకుని వెలుతురుకి పట్టింది. ఏమీ లేదు. అది క్యారల్ భుజమై ఉండవచ్చు, గోడై ఉండవచ్చు. ఊదితే ఎగిరిపోయింది. అంతే, అయిపోయింది, రెండోసారి. మొదటిసారి కనీసం పెట్టె ఉంది, పాదిరీగారున్నారు, పాట పాడారు. ఇప్పుడు గొడుగుల కొట్టు పైన, మధ్యాహ్నం పూట, ఎవరికీ తెలియకుండా. బేగంపేట వెళ్లకూడదు. ఫోన్ ఆపేయాలి. కింద జనంలో కలిసి స్టేషన్ వైపు, పదో నంబరుకి నడిచి వెళ్లి, క్యారల్ నిలబడ్డ చోట నిలబడి చూడాలి, కాళ్లు ఎంతసేపటికి గుంజుతాయో.

"అడుగున ఇదొకటి ఉండె మేడం," అన్నాడు దయాకర్. "రీలు కింద, నూనె కాయితంల చుట్టి. నేను అట్టముక్కేమో అనుకున్న."

అరచేతిలో పట్టేంత టేపు చుట్ట. సౌండు టేపు. "ఇది ప్లాస్టిక్ మేడం, దీని జాతి వేరే, పులుపు దీన్నేం చెయ్యలే. మిషన్ మీద కొంచెం తిప్పి చూసిన, తిరుగుతున్నది. దీని మీద ఏదో రాసున్నది, మీదేనా?" నూనె కాగితం మీద పెన్సిల్ రాత, ఇంగ్లీషులో, పొడుగాటి వాలు అక్షరాలు. ఆరో రీలు. నా గొంతు. అనుపమ రాత కాదది. కరెంటు సామాన్ల కొట్టుకి తను వెళ్లొచ్చిన ఆ పది నిమిషాలు. మూత మీద రెండు చేతులు.

"వెయ్యి," అంది, ఆ మాట దయాకర్‌కి వినపడలేదు. "వెయ్యి దయాకర్."

లోపల పాత టేపు మిషను. చక్రాలు కదిలాయి. ముందు బుస, తర్వాత కెమెరా గిరగిర, ఆ వెనక వీధి, తొంభై ఏడు నాటి రాంగోపాల్‌పేట్, ఎవడో రిక్షా గంట కొట్టుకుంటూ పోయాడు. కత్తిపీట మీద ఏదో తెగుతున్న చప్పుడు. తాళంలో చెవి తిరిగింది. తలుపు కిర్రుమంది, ఆ తలుపు ఇప్పటికీ అలాగే కిర్రుమంటుంది. అప్పుడే ఫోన్ మోగింది, నాలుగు. సృజన. అనుపమ నొక్కింది. ఫోన్‌ని మిషను స్పీకరు ముందుకి చాచి పట్టుకుంది. టేపులో మేకుకి తాళంచెవి తగిలిన చిన్న ఇనప చప్పుడు. చెప్పులు విడిచిన చప్పుడు. ఆ తర్వాత మాట, రాసిచ్చిన తెలుగు కాదు, అలసిన, కొంచెం బొంగురు గొంతు, దేనికీ భయపడనిది.

"ట్రైన్ పోయింది. నేను పోలే. ఏం వండినవ్?"

"బీరకాయ," అంది కెమెరా వెనక నుంచి ముప్పై ఏళ్ల అనుపమ.

"మళ్లా బీరకాయనా? ఏం మ్యాన్ ఇది, నిన్న గూడ గదే!"

నవ్వు, ఇద్దరిదీ. అది కథలో లేదు. కట్ చెప్పాలి అక్కడ, చెప్పలేదు. టేపు తిరుగుతూనే ఉంది. ఎవరో పీట లాక్కున్నారు. దయాకర్ గోడ వైపు తిరిగి రుమాలు వెతుక్కుంటున్నాడు, అది మెడలోనే ఉంది.

"మేడం," అంది సృజన ఫోన్‌లో. "ఎవరా మాట్లాడేది?"

"క్యారల్."

"క్యారల్ గొంతు గట్ల ఉండదు గదా మేడం. నేను సినిమా ఇరవైసార్లు చూసిన."

"అది నా గొంతు. ఇది ఆమెది."

"మరి ఆమె... ఐదో రీల్ల..."

"ఇంటికొచ్చింది," అంది అనుపమ. "బొమ్మ లేదు సృజనా. పోయింది, నేనే పోగొట్టాను. అది స్టేజీ మీద నేను చెప్పుకుంటాను, బిస్కెట్‌తో సహా. జనగామ పిల్ల ఉత్తరం కూడా చదువుతాను. నువ్వొక్క పని చెయ్యి. ఐదోది అయిపోగానే హాల్లో లైట్లు వేస్తారు. వెయ్యనియ్యకు. తలుపులు తియ్యనియ్యకు. తెర నల్లగానే ఉంటుంది, ఈ టేపు నడుస్తుంది, ఆరు నిమిషాలు. ఎవరన్నా లేవబోతే కూర్చోమను, ఇంకా అవలేదని చెప్పు."

టేపులో కుక్కరు మొదటి కూత వేసింది.